ఆ పిల్ల పేరు

బెండకాయ పులుసు పొంగకుండా కుండ మీద మూత ఓరగా పెట్టి, బరీరా పీట మీద కూర్చుని నోటుబుక్కు మోకాలి మీదికి లాక్కుంది. కొత్త నవలలో కుర్రాడు అలిగి కడునా ఊరు వెళ్ళిపోయి చాలా పేజీలైంది. పులుసు దించేలోగా వాణ్ణి కానో బస్సు ఎక్కించాలని ఆమె పట్టుదల. పెన్ను మూత పళ్ళతో పీకిందో లేదో, ముందుగదిలో ఎవరో సలాం చెప్పడం వినిపించింది.

"సినిమా అబ్బాయి వచ్చాడు," అన్నాడు ఆమె భర్త, పిల్లలకి చదువు చెప్పే మాలం హబూ, తెర పక్కనుంచి తల లోపలికి పెట్టి. "చాప వేశాను. నువ్వు ఇటుపక్క కూర్చుని మాట్లాడు."

బరీరా పెన్నుకి మూత పెట్టేసింది. కుర్రాడు కడునాలోనే ఉండిపోయాడు.

డైరెక్టర్ సగీర్ గొంతు మనిషి కంటే ముందు గదిలోకి వచ్చే రకం. "హాజియా, శుభవార్త. మన సినిమా అయిపోవచ్చింది."

"హాజియా అనకు బాబూ. నేనింకా మక్కా చూడలేదు," అంది బరీరా తెర ఇవతలి నుంచి.

"సినిమా ఆడనివ్వండి, నేనే విమానం ఎక్కిస్తాను."

"నా భార్యని నువ్వు ఎక్కించడమేంటయ్యా," అన్నాడు మాలం హబూ. "ఎక్కిస్తే ఇద్దర్నీ ఎక్కించు."

ముగ్గురూ నవ్వుకున్నారు. సినిమా తీస్తున్నది బరీరా నవల 'ఆ పిల్ల'ని. రెండు భాగాలూ ఆమె సొంతంగానే అచ్చు వేయించింది. కాగితం తేవడం దగ్గర్నుంచి బజారులో పుస్తకాల కొట్లకి పంచడం దాకా మాలం హబూ సైకిలే తిరిగింది. వెనక అట్ట మీద ఫోను నంబరు వేసినందుకు ఇల్లాళ్ళు వంటిళ్ళలోంచి ఫోన్ల మీద ఫోన్లు చేశారు. అందరిదీ ఒకటే ప్రశ్న. ఇంతకీ ఆ పిల్ల పేరేంటి?

పేరు పుస్తకంలో లేదు. కథ తల్లి వైపునుంచి నడుస్తుంది. తొలిచూలు బిడ్డని తల్లి పేరు పెట్టి పిలవదు. నలుగురిలో దగ్గరికి తీసుకోదు. తన బిడ్డ అని చెప్పుకోవడానికి కూడా తల వంచుకుంటుంది. వాళ్ళ ఊరు కానోలో తల్లులకి అదే మర్యాద. అందుకని ఆ తల్లి నోట పేరు రాదు. ప్రేమించిన కుర్రాడు అడిగితే ఆ పిల్ల అతని చెవిలో చెబుతుంది, చదివేవాళ్ళకి వినపడదు. చివర్లో పిల్ల అత్తారింటికి వెళ్ళేటప్పుడు కూడా తల్లి లేవదు, తిరిగి చూడదు. పొయ్యి వైపు మొహం పెట్టుకుని, ఇన్నేళ్ళూ తను సంకటి కెలికిన తెడ్డుని చెయ్యి వెనక్కి చాచి ఇస్తుంది. పిల్ల అందుకుంటుంది. అంతే. ఆ పేజీ దగ్గర ఏడవని ఆడది ఊళ్ళో లేదని కొట్టువాడు చెప్పాడు. అమ్ముకునేవాడి మాట కాబట్టి సగం తీసేసినా, చాలామందే.

"చివరి సీను ఒక్కటే ఉంది. గురువారం తీస్తాం," అన్నాడు సగీర్. "దాన్ని కొంచెం పెంచాం హాజియా."

"పెంచడమంటే?"

"తెడ్డు తీసేశాం. తెర మీద తెడ్డు ఏం ఆనుతుంది? కారు కదులుతుంది. దుమ్ము లేస్తుంది. తల్లి గుమ్మం దాటి పరిగెత్తుకొస్తుంది. పిల్లని పేరు పెట్టి అరుస్తుంది. కారు ఆగుతుంది. కావలించుకుంటారు. వెనకాల పాట. ఇండియా సినిమాల్లో చూడలేదా? హాలు హాలంతా ముక్కు చీదుతుంది."

"ఇండియాలో తల్లులు ఎంతైనా అరుచుకోనీ," అంది బరీరా. "మన తల్లి అరవదు."

"అరవదు కాబట్టే, అరిస్తే బాగుంటుంది."

బరీరాకి కోపం వచ్చింది. రెండు భాగాలు నోరు కట్టుకున్న తల్లిని తీసుకెళ్ళి రోడ్డు మీద అరిపిస్తానంటున్నాడు. పుస్తకమంతా ఆ కట్టుకున్న నోటిలోనే ఉంది. అది తీసేస్తే మిగిలేది కారూ దుమ్మూ.

సగీర్ వెళ్ళాక భర్తతో అదే అంది.

"గురువారం వెళ్ళి నువ్వే చెప్పు," అన్నాడు మాలం హబూ. "నేను వెళ్ళమంటున్నాను. వింటే వింటాడు. మన పుస్తకమే కదా."

"రాసింది నేను."

"మోసింది నా సైకిలు." ఆయన ముక్కు ఎగబీల్చాడు. "పులుసు అడుగంటుతున్నట్టుంది."


షూటింగుకి అద్దెకు తీసుకున్న ఇల్లు నాలుగు పక్కలా మట్టిగోడలతో, నడిమధ్య వేపచెట్టుతో పెద్దగానే ఉంది. కెమెరా అతను చెట్టుకి ఆనుకుని నిద్రకళ్ళతో నిలబడ్డాడు. గుమ్మం బయట కారు. కారులో పెళ్ళికూతురు వేషం పిల్ల, గోరింటాకు చేతులతో సెల్లు చూసుకుంటోంది. తల్లి వేషం కులూది. ఊళ్ళో ఏ సినిమా తీసినా తల్లి కులూయే. ఆమెని తెర మీద చూసి చూసి, బజారులో తెలియనివాళ్ళు కూడా అమ్మా అని పిలుస్తారు.

బరీరా ముసుగు సర్దుకుని వరండాలో ఒక మూల కూర్చుంది. ఈ ఒక్కటీ అవనిచ్చి, మధ్యలో ఖాళీ చూసి మాట్లాడదామనుకుంది.

సగీర్ చెయ్యి ఊపాడు. కారు కదిలింది. కులూ గుమ్మం దాకా పరిగెత్తింది. బాగానే పరిగెత్తింది. గుమ్మంలో ఆగి, నోరు తెరిచి, ఉన్నట్టుండి మెడ గోడవైపు తిప్పేసింది.

"లుబాబతూ," అంది గోడతో.

"ఆపండి," అన్నాడు సగీర్. "అమ్మా కులూ, కారు ఇటుంటే గోడకి చెబుతావేంటి?"

"ఏం చెయ్యను నాయనా. తొలిచూలు అన్నావు. ఆ మాట విన్న దగ్గర్నుంచీ నా మెడ నా మాట వినట్లేదు. రెండో పిల్లని చెప్పు, గొంతు చించుకుంటాను."

"రెండో పిల్లే అనుకో."

"ఎలా అనుకునేది? పుస్తకం చదివాను కదా."

కెమెరా అతని నిద్ర వదిలిపోయింది. అందరూ నవ్వుతున్నారు. బరీరా నవ్వలేదు. ఆమె ముసుగు అంచుని వేళ్ళకి చుట్టుకుని, విప్పి, మళ్ళీ చుట్టుకుంటోంది. కులూ గోడకి చెప్పిన పేరు బరీరా తొలిచూలు కూతురిది.

మళ్ళీ తీశారు. కులూ మెడ మళ్ళీ తిరిగింది. మళ్ళీ తీశారు. ఈసారి మెడ నిలబడింది గానీ గొంతు లోపలికి పోయింది. సగీర్ నల్లకళ్ళజోడు నెత్తి మీదికి తోసుకుని వచ్చి బరీరా పక్కన అరుగు మీద కూలబడ్డాడు.

"చూశారా హాజియా నా కష్టం."

"ఆ పేరు ఎవరు పెట్టారు?"

"మీ పుస్తకం టైపు చేసిన పిల్ల. మా స్టూడియో ముందుగదిలో కంప్యూటర్ దగ్గర కూర్చుంటుంది, చూసే ఉంటారు. రచయిత్రి ఏదైనా పేరు అనుకుందా అని అడిగాను. అనుకుంది, రాయలేదంతే అని టక్కున చెప్పింది. తన పేరే చెప్పిందని తర్వాత తెలిసిందనుకోండి. పోనీలే, పొద్దస్తమానం టైపు కొట్టేవాళ్ళకి ఆ మాత్రం సరదా ఉండదా? ఏం, బాలేదా?"

"బాగానే ఉంది," అంది బరీరా.

ఆ పిల్ల నా కూతురు అనడానికి నోరు రాలేదు. తొలిచూలు విషయంలో ఆ మాట కూడా ఎక్కువే. తెడ్డు గురించి మాట్లాడదామని దారంతా పేర్చుకొచ్చిన మాటలన్నీ ఎక్కడో జారిపోయాయి.

కులూ వచ్చి చెమట తుడుచుకుంటూ పక్కన కూర్చుంది. "నువ్వేనా ఇది రాసింది? నన్ను భలే ఇబ్బంది పెట్టావమ్మా. నీకూ ఉందా తొలిచూలు?"

"ఉంది."

"ఆడా, మగా?"

బరీరా నేలకేసి చూసింది.

"సరే సరే," అంది కులూ నవ్వి, ఆమె మోకాలి మీద తట్టి. "అడగను." తర్వాత సగీర్‌కి వినపడేలా గొంతు పెంచింది. "ఒక్కసారి పుస్తకంలో ఉన్నట్టు చేసి చూపిస్తాను నాయనా. నా తృప్తి కోసం."

"టేపు దండగ," అన్నాడు సగీర్. కానీ కెమెరా అతను అప్పటికే వంటింటి వైపు నడిచాడు. కులూ పొయ్యి ముందు కూర్చుంది. వెనక్కి చూడకుండా తెడ్డు చాచింది. పెళ్ళికూతురు వేషం పిల్ల సెల్లు పక్కన పెట్టి, ఎవరూ చెప్పకుండానే మోకాళ్ళ మీద వంగి రెండు చేతులతో అందుకుంది. ఎవరూ నవ్వలేదు.

"బాగుంది," అన్నాడు సగీర్. "కానీ నాకు పిలుపే కావాలి. పరుగు వెనకనుంచి తీసేస్తాను. మెడ ఎటు తిరిగినా కనపడదు. గొంతు తర్వాత స్టూడియోలో అతికిద్దాం."


శుక్రవారం మధ్యాహ్నం ప్రార్థన అయ్యాక బరీరా అత్తగారింటికి వెళ్ళింది. రెండు సందుల అవతలే. పాలు మాన్పించిన దగ్గర్నుంచీ పెద్దపిల్ల నాయనమ్మ దగ్గరే పెరిగింది. తొలిచూలు పిల్లలు చాలామంది అలాగే పెరుగుతారు. అందరూ ఇన్నా అని పిలిచే ఆ ముసలావిడ గుమ్మం నీడలో వేరుశనగకాయలు ఒలుస్తోంది. ఆ పిల్ల ఎదురుగా కూర్చుని చేటలో పొట్టు చెరుగుతోంది. తల్లిని చూసి మోకాళ్ళ మీద వంగి పలకరించి, చేటతో సహా ఒక మూలకి జరిగింది. బరీరా పలికింది గానీ అటు చూడలేదు.

"అత్తా, మీ ఇంట్లో పిల్లకి సినిమావాళ్ళతో ఏం పనో కనుక్కోండి."

ఇన్నా ఒక కాయ చిట్లించింది. "ఏమే, సినిమావాళ్ళతో ఏం పని నీకు?"

"టైపు పని ఇన్నా."

"టైపు పనంట."

"పేరు పెట్టే పని ఎప్పుడు మొదలెట్టిందో అడగండి."

"అడిగారు, చెప్పాను ఇన్నా," అంది ఆ పిల్ల చేట ఆపకుండా. "నేను చెప్పకపోతే వాళ్ళే జమీలా అనో సఫియా అనో పెట్టేసేవాళ్ళు."

"పెట్టుకోనీ. తన పేరే ఎందుకివ్వాలి?"

చేట ఆగింది. పొట్టు నెమ్మదిగా నేల మీద వాలింది.

"ఇన్నా, ఆవిడకి చెప్పు. ఆ పుస్తకం రెండు భాగాలూ టైపు చేసింది నేను. పేజీ తిప్పినప్పుడల్లా ఇక్కడ అంటుందేమో, ఇక్కడైనా అంటుందేమో అని చూశాను. చివరికి తెడ్డు వచ్చింది."

"తెడ్డు బాగానే ఉంది కదే," అంది ఇన్నా. "నాకు చదివి వినిపించినప్పుడు నేను ఏడ్చానా లేదా?"

"బాగుంది. అందరూ ఏడ్చారు. నాకు మాత్రం ఏడుపు రాలేదు. పంటలు ఇంటికొచ్చాక నేనూ పెళ్ళై కట్సీనాలో అత్తారింటికి వెళ్ళిపోతాను. నాకేం వస్తుందో పుస్తకంలో ముందే రాసేసింది కదా. పోనీ సినిమాలో అయినా విందామనుకున్నాను. ఆవిడ అనకపోయినా, ఆవిడ రాసిన తల్లి అంటే చాలనుకున్నాను."

ఆ పిల్ల మళ్ళీ చెరగడం మొదలుపెట్టింది. చేటలో అప్పటికే పొట్టు లేదు.

"వింటున్నావా కోడలా?" అంది ఇన్నా. "మీ ఆయన నా తొలిచూలు. ఇవాళ్టికీ నేను మాస్టారు వచ్చాడా అనే అడుగుతాను. వాడేమైనా చెడిపోయాడా?"

"నాన్నని ఎప్పుడైనా అడిగావా ఇన్నా?" అంది మూలలోంచి గొంతు.

ఇన్నా కాయ కోసం తడుముకుంది. ఒలిచినవే చేతికి తగిలాయి.


ఆ సాయంత్రం మాలం హబూకి సంకటి వడ్డించి బరీరా ఎదురుగా కూర్చుంది. ఆయన బిస్మిల్లా అని రెండు ముద్దలు తినేదాకా ఆగింది.

"మిమ్మల్ని అత్త పేరు పెట్టి ఎప్పుడైనా పిలిచిందా?"

ఆయన వింతగా చూశాడు. "పిలవలేదు. కానీ ఒకసారి విన్నాను. చిన్నప్పుడు తట్టు పోసి ఒళ్ళు కాలిపోతోంది. నేను నిద్రపోయాననుకుని అమ్మ నమాజు చాప మీద కూర్చుని దువా చేస్తోంది. పేరు చెప్పకపోతే ఎవరికి నయం చెయ్యాలో దేవుడికి తెలియదనుకుందో ఏమో." ఆయన కొంచెం నవ్వాడు. "నేను కళ్ళు తెరవలేదు. తెరిస్తే ఆపేస్తుందని."

బరీరా నీళ్ళ చెంబు ఇటునుంచి అటు జరిపింది. "ఇది మతంలో ఉందా?"

"లేదు. ప్రవక్త, ఆయనపై శాంతి కలుగుగాక, కూతురు వస్తే లేచి ఎదురెళ్ళి తన చోట కూర్చోబెట్టుకునేవారు. ఇది మన ముందువాళ్ళ అలవాటు. చెడ్డదని నేననను. బిడ్డకి దిష్టి తగలకూడదనో, మనసు మరీ అంటుకుపోకూడదనో పెట్టుకుని ఉంటారు." ఆయన ముద్దని పులుసులో అద్ది అలాగే పట్టుకున్నాడు. "కానీ ఎవరికోసం పెట్టారో వాళ్ళకి ఎలా ఉందని ఎవరూ అడగలేదు. నన్ను నువ్వు ఇవాళ అడిగావు."

గిన్నెలు తీశాక బరీరా సగీర్‌కి ఫోను చేసింది. కులూ స్టూడియోలో కూడా గోడకి చెప్పినట్టే చెప్పిందని అతను వాపోయాడు.

"గొంతు నేనిస్తాను," అంది బరీరా. "నా పేరు ఎక్కడా వెయ్యొద్దు. గదిలో మగవాళ్ళు ఉండకూడదు."

సగీర్ నమ్మలేకపోయాడు. "మీరా? తెడ్డు కోసం నామీద యుద్ధానికి వచ్చారు కదా?"

"ఇస్తానంటున్నానుగా."

"మీ ఇష్టం హాజియా. మగవాళ్ళ సంగతికి బెంగ లేదు. ఆడవాళ్ళ గొంతులన్నీ మా టైపు పిల్లే రికార్డు చేస్తుంది."

"తెలుసు," అంది బరీరా.


పొద్దున్నే అలసంద గారెలు వేయించి, పైన కారప్పొడి చల్లి, ఇంట్లో పిల్లలకి పెట్టింది. కొన్ని కాగితంలో చుట్టి ముసుగు కింద పెట్టుకుని ఆటో ఎక్కింది.

రికార్డింగు గది అంటే స్టూడియో వెనక చిన్న గది. గోడలకి కోడిగుడ్ల అట్టలు అతికించి, తలుపుకి దుప్పటి కట్టారు. కంప్యూటర్ ముందు ఆ పిల్ల కూర్చుని ఉంది. తల్లిని చూసి వంగి పలకరించింది. బరీరా పలికి, మైకు దగ్గరికి వెళ్ళి, వీపు ఇటు పెట్టి నిలబడింది. సగీర్ బయటినుంచి తలుపు లాగాడు.

"బొమ్మ కదులుతుంది," అంది ఆ పిల్ల, ఎవరితో అన్నది తెలియకుండా. "ఆవిడ గుమ్మం దగ్గరికి రాగానే నేను బల్ల మీద తడతాను. తట్టాక అనాలి."

పక్కనున్న చిన్న తెర మీద కులూ వీపు పరిగెత్తుతోంది. బల్ల మీద వేలు తగిలిన చప్పుడైంది. బరీరా నోరు తెరిచింది. ఏమీ రాలేదు.

"మళ్ళీ మొదట్నుంచి," అంది వెనక గొంతు. విసుక్కోలేదు.

కులూ మళ్ళీ పరిగెత్తింది. బరీరాకి తన మెడ గోడవైపు లాగడం తెలుస్తోంది. ఇక్కడ ఎటు చూసినా గోడే. నేను నా కూతుర్ని పిలవడం లేదు, ఆ తల్లి కూతుర్ని పిలుస్తున్నాను అనుకుంది. అలా అనుకుంటే నోరు కొంచెం తేలికైంది. ఆ పేరు ఆమెకి కొత్తది కాదు. ప్రతి నమాజు చివరా అరచేతుల్లో చెప్పుకునేదే. అరచేతులు దాటి ఎప్పుడూ బయటికి రాలేదు.

బల్ల మీద వేలు తగిలింది.

బరీరా పిలిచింది. సగీర్ అడిగినట్టు అరవలేదు. వీధిలో ఆడుకుంటున్న పిల్లని అన్నానికి రమ్మని వంటింట్లోంచి పిలిచినట్టు పిలిచింది.

తెర మీద కారు ఆగింది. దుమ్ము తేలుతోంది. గదిలో కంప్యూటర్ ఫ్యాను రొద తప్ప ఏమీ లేదు.

"ఊఁ," అంది వెనకనుంచి ఆ పిల్ల.

బరీరా కదల్లేదు. రెండు చేతులతో మైకు కడ్డీ పట్టుకుని నిలబడింది. కాసేపటికి సగీర్ తలుపు తట్టి తల లోపలికి పెట్టాడు. "అయిందా? వినిపించు."

"నొక్కడం మర్చిపోయాను," అంది ఆ పిల్ల.

"మర్చిపోయావా? ఇన్ని సినిమాలకి చేసి ఇవాళ మర్చిపోయావా?"

"మర్చిపోయాను సార్."

బరీరా నోటుబుక్కుల్లో నిద్రమత్తులో జారిపోయిన మాటని కూడా పట్టుకుని సరిచేసే పిల్ల అది. పొయ్యి మీద పాలు పెట్టి మరిచిపోయిందని ఇన్నా ఒక్కసారి కూడా చెప్పి ఎరగదు.

"హాజియా, ఏమనుకోకండి. ఇంకొక్కసారి," అన్నాడు సగీర్.

"ఇంకోసారి నావల్ల కాదు బాబూ," అంది బరీరా. "గొంతు పట్టేసింది."

సగీర్ బరీరా వంక చూశాడు, పిల్ల వంక చూశాడు. ఇద్దరూ చెరో గోడవైపు చూస్తున్నారు. ఇద్దరి మెడలూ ఒకే తీరుగా తిరిగి ఉన్నాయి. అతను ఏదో అడగబోయి, నల్లకళ్ళజోడు దించి కళ్ళకి పెట్టుకున్నాడు.

"అయితే ఆ తెడ్డే పెట్టుకుంటాను," అన్నాడు. "ఎవరైనా ఏడవకపోతే మీదే పూచీ."

బయట ఎండ మండిపోతోంది. ఆటో రోడ్డుకి అవతల ఆగి ఉంది. బరీరా మెట్లు దిగి నిలబడింది. వెనక తలుపు చప్పుడైంది, చెప్పుల చప్పుడు వచ్చి కొంచెం దూరంలో ఆగింది. బరీరా తిరగలేదు. ముసుగు కిందనుంచి పొట్లం తీసి చెయ్యి వెనక్కి చాచింది.

రెండు చేతులు వచ్చి అందుకున్నాయి.

"చల్లారిపోయుంటాయి," అంది బరీరా, ఎదురుగా ఉన్న రోడ్డుతో.

"లేదు," అంది వెనక గొంతు. "వేడిగానే ఉన్నాయి."

కాగితం విప్పుతున్న చప్పుడు వినిపించింది. ఆటో అతను ఎక్కమన్నట్టు హారన్ కొట్టాడు. కాస్త ఆగమని బరీరా అతనికి చెయ్యి ఊపింది.